ఎక్కని మెట్లు

మామగారి బూట్ల పీట కనపడకపోవడంతో ఆ ఉదయం ఇంట్లో పెద్ద రగడే అయింది.

పీట అంటే అదేమంత వస్తువు కాదు. జానెడు ఎత్తు. నాలుగు కాళ్ళలో ఒకటి కాస్త పొట్టి కావడంతో ఎవరు కూర్చున్నా టకటకలాడేది. వీధి తలుపు పక్కన గోడకు ఆనుకుని ఉండేది. పోస్టాఫీసు ఉద్యోగం విరమించినా మామగారు రోజూ పొద్దున్నే దాని మీద కూర్చుని బూట్లు తొడుక్కుని, ఎక్కడో ఎవరో తన కోసం కాచుకుని ఉన్నట్టు నడకకు బయలుదేరేవారు.

"నా పీట ఏదీ?"

"ఏ పీట?" అత్తగారు వంటింట్లోంచే అడిగింది.

"ఏ పీటా? ఈ ఇంట్లో నాకు సింహాసనాలేమన్నా ఉన్నాయా? ఉన్నది అదొక్కటేగా!"

"అటక మీద పెట్టించాను. కుంటి పీట. ఎవరన్నా పడితే?"

"ఇన్నేళ్ళు పడనివాణ్ణి ఇవాళ పడతానా?"

"ఇవాళే పడతారు. వయసొచ్చింది కదా. కుర్చీలో కూర్చుని తొడుక్కోండి, దొరలా ఉంటుంది."

"కుర్చీలో కూర్చుంటే పొట్ట అడ్డమొస్తోందే!"

"అది పీట తప్పా, పొట్ట తప్పా?"

అచ్చుయంత్రాల కంపెనీలో పనిచేసే కొడుకు, "కేసు సాయంత్రానికి వాయిదా" అని ప్రకటించి, తనను సాక్షిగా పిలవకముందే వీధిలోకి జారుకున్నాడు. మామగారు బూట్లు చేత్తో పట్టుకుని గుమ్మం మెట్టు మీద కూలబడ్డారు. అక్కడ కూర్చుని, వీధినపోయేవాళ్ళకు వినపడేలా ఒక్కో తాడూ బిగించారు.

కోడలు మధ్యాహ్నం భోజనం డబ్బా సర్దుకుంటూ ఇదంతా వింది. ఎవరి పక్షమూ మాట్లాడలేదు. అత్తగారి వైపు మాట్లాడితే మామగారికి కోపం, మామగారి వైపు మాట్లాడితే అత్తగారికి కోపం. కానీ ఆమె మనసు పీట దగ్గర ఆగలేదు. ఈ రెండు మూడు నెలల్లో ఇంట్లో స్థానం మారింది పీట ఒక్కటే కాదు. అడుగు అలమరలో ఉండే గిన్నెలు గట్టు మీదకొచ్చాయి. స్నానాలగదిలో బాల్చీ ఒక ఎత్తు బల్ల మీదకెక్కింది. అత్తగారి చెప్పులు పోయి, కాలు దూరిస్తే చాలనిపించే మెత్తటి జోడు వచ్చింది. ఆపరేషన్ ముందు, నాలుగు రోజుల కోసమని పైగదిలోంచి దించిన అత్తగారి మంచం కింది ముందుగదిలోనే ఉండిపోయింది. ఆమె కుట్టుమిషన్ మాత్రం పైనే గుడ్డ కప్పుకుని కూర్చుంది. ఒక్కోదానికీ ఒక్కో కారణం ఉంది, అడిగితే అత్తగారు చెప్పేది కూడా. విడివిడిగా చూస్తే ఏదీ పట్టించుకోవలసింది కాదు.

అత్తగారికి కుడి మోకాలి చిప్ప మార్చి మూడో నెల నడుస్తోంది. ఎవరడిగినా ఆమె చెప్పేది ఒకటే మాట: "బ్రహ్మాండంగా ఉంది."

*

కోడలి ఉద్యోగం అడగడం.

ఆపరేషన్ చేసిన ఆసుపత్రిలోనే, వెనక వైపు మందుల గోదాం మీదున్న పొడవాటి గదిలో ఆమె కూర్చునే చోటు. ఆరు బల్లలు, ఆరు ఫోన్లు. కిటికీలోంచి చూస్తే అంబులెన్సులు వెనక్కి తిరిగే ఏటవాలు దారి. ఇంటికి వెళ్ళిన రోగులకు ఫోన్ చేసి, ఎలా ఉన్నారో వాళ్ళ నోటితోనే చెప్పించి, కంప్యూటర్లో ఎక్కించడం వాళ్ళ పని. ఎక్స్‌రే ఎముక అతికిందో లేదో చెబుతుంది గానీ, ఆ మనిషి మళ్ళీ చెరువుగట్టు దాకా నడవగలుగుతున్నాడా, రాత్రి ఒత్తిగిలి పడుకోగలుగుతున్నాడా అన్నది చెప్పదు. అది ఆ మనిషే చెప్పాలి. అలా చెప్పినవన్నీ పోగుచేసి, ఏ వైద్యం ఎవరికి ఎంత మేలు చేసిందో లెక్క కడతారు. తర్వాత ఆపరేషన్‌కు వచ్చేవాళ్ళకు ఆ లెక్కే చూపిస్తారు.

వినడానికి తేలిక. చేయడానికి కాదు. ప్రశ్నను రాసినట్టే చదవాలి. గొంతులో జాలి ఉండకూడదు, ఆశ ఉండకూడదు. "బాగానే ఉందిగా?" అని అందించకూడదు. అవతలివాళ్ళేమో ప్రశ్న తప్ప మిగతావన్నీ చెబుతారు. ఒక పెద్దాయన, "ముందు నువ్వు భోంచేశావా తల్లీ?" అని మొదలుపెడతాడు. ఒకావిడ భర్త చేతిలోంచి ఫోన్ లాక్కుని, "ఆయనకేం, గుండ్రాయిలా ఉన్నారు. నా నడుము సంగతి అడగండి" అంటుంది. ఒక దర్జీ, "నొప్పి పోయిందమ్మా, దాంతోపాటే నిద్ర కూడా పోయింది, అది ఏ గడిలో రాస్తావ్?" అని అడిగాడు. దానికి గడి లేదు. కోడలు కింద ఖాళీలో రాసింది.

ఆ గదికి పెద్ద ఒక మేడమ్. సన్నగా, నిటారుగా ఉంటుంది. నవ్వినా అంగుళం కొలిచి నవ్వినట్టు ఉంటుందని ఆమెను అందరూ కొలబద్ద మేడమ్ అంటారు, ఆమెకూ తెలుసు. సొంతవాళ్ళకు సొంతవాళ్ళు ఫోన్ చేయకూడదన్నది ఆమె పెట్టిన నియమాల్లో మొదటిది. అందుకే అత్తగారి వంతు వచ్చినప్పుడు ఆ ఫోన్ పక్కబల్ల అమ్మాయికి వెళ్ళింది.

కోడలు తన తెర వైపే చూస్తూ కూర్చుంది గానీ చెవులు మూసుకునే ఏర్పాటేదీ దేవుడు చేయలేదు. పక్కబల్ల నుంచి ప్రశ్నలు, వాటి వెంటే అమ్మాయి తిరిగి చెప్పే జవాబులు వినిపించాయి.

"కిందటి నెలలో మెట్లు ఎక్కడం, దిగడం ఎలా ఉందండీ? అస్సలు కష్టం లేదా, కొంచెం కష్టమా, చాలా కష్టమా? … అస్సలు కష్టం లేదు. సరేనండి. కింద పడిన వస్తువు వంగి తీసుకోవడం? … అస్సలు కష్టం లేదు. తక్కువ ఎత్తు పీట మీద కూర్చుని లేవడం? … అస్సలు కష్టం లేదు."

ఫోన్ పెట్టేశాక ఆ అమ్మాయి కుర్చీ తిప్పి, "మీ అత్తగారు బంగారం! నూటికి నూరు. ఇంకేం, వ్యాయామం ఫైలు కూడా మూసేస్తారు" అంది.

కోడలు లేచి మేడమ్ దగ్గరికి వెళ్ళింది.

"మా అత్తయ్య చెప్పింది నిజం కాదు మేడమ్."

మేడమ్ కళ్ళజోడు తీసింది. "ఆవిడ చెప్పలేదా?"

"చెప్పారు. కానీ ఆవిడ మెట్లు ఎక్కడం నేను చూడలేదు. ఎక్కట్లేదు."

"అది నీ జవాబు. నాకు కావలసింది ఆవిడ జవాబు."

"ఆవిడ జవాబు తప్పయితే?"

"డాక్టరు తన కళ్ళతో చూసి బాగుందంటాడు. నువ్వు నీ కళ్ళతో చూసి బాలేదంటావ్. మధ్యలో కాలు ఎవరిదీ? ఇన్నాళ్ళూ అందరూ రోగి బదులు మాట్లాడేవాళ్ళే. ఒక్కచోటన్నా వాళ్ళని మాట్లాడనిద్దామని కదా ఈ గది పెట్టింది." గొంతు కొంచెం తగ్గించి అంది. "ఆవిడ తనంతట తను మార్చుకోవాలనుకుంటే వారం లోపల ఫోన్ చేయొచ్చు. చేయించకు. అడగడం నీకు వచ్చుగా, అడుగు. అంతే."

కోడలు తిరిగొచ్చి తర్వాతి నంబరు కలిపింది. "నమస్కారమండీ, ఆసుపత్రి నుంచి మాట్లాడుతున్నాను" అంది. గొంతులో ఏ మార్పూ లేదు.

*

ఈ వ్యవహారం అత్తగారి ఒక్క కాలితో ఆగేదైతే కోడలు ఊరుకునేదేమో. సమస్య చిన్నత్తయ్యతో వచ్చింది.

చిన్నత్తయ్య అంటే మామగారి తమ్ముడి భార్య, అత్తగారికి తోటికోడలు. రెండు వీధుల అవతల, లిఫ్టు లేని మేడలో, మూడో అంతస్తులో ఉంటుంది. ఆమెకు కూర్చుంటే నొప్పి లేదు, నడిస్తే పెద్దగా లేదు. మెట్ల దగ్గరే మోకాళ్ళు మొరాయిస్తాయి. ఒకసారి కిందికి దిగితే మళ్ళీ ఎక్కాలి కాబట్టి రోజుకు ఒక్కసారే దిగుతుంది. ఆ ఒక్కసారిలోనే కూరగాయలు, మందులు, చుట్టాలు, పోట్లాటలు అన్నీ ముగించుకుని ఎక్కుతుంది.

ఆ సాయంత్రం ఆమె దిగిన పనుల్లో అత్తగారింటికి రావడం ఒకటి.

"అక్కా, వచ్చే బుధవారం ఖాయం చేసేశా" అంది కూర్చుంటూనే. "మీ డాక్టరే. నీ చిప్ప లాంటి చిప్పే."

"మంచిది" అంది అత్తగారు.

"మా ఆయన ఇంకా తటపటాయిస్తున్నాడు. ఇంకో ఇద్దరు డాక్టర్లని అడుగుదామంటాడు. నేనన్నాను, డాక్టర్లు చెప్పేది కాదు, చేయించుకున్నవాళ్ళు చెప్పేది వినాలి అని. నాకు అక్క మాట చాలు. నొప్పి గోల నాకొద్దు గానీ, మెట్ల సంగతి మళ్ళీ ఒక్కసారి చెప్పు."

"నాకేం కష్టం లేదే."

"చూశావా అమ్మాయ్?" చిన్నత్తయ్య కోడలి వైపు తిరిగింది. "నీకు రోజూ ఎంతోమంది చెబుతుంటారుగా. నువ్వే చెప్పు, మీ అత్త కంటే బాగైనవాళ్ళు ఉన్నారా?"

కరవమంటే కప్పకు కోపం, విడవమంటే పాముకు కోపం. కోడలు కాఫీ కప్పులు పళ్ళెంలో సర్దుతూ, "ఒక్కొక్కరికి ఒక్కోలా ఉంటుంది చిన్నత్తయ్యా" అంది.

"ఆఫీసు జవాబు చెప్పకే!" అని చిన్నత్తయ్య నవ్వింది. అత్తగారూ నవ్వింది, కాస్త ఎక్కువగా.

ఆమె వెళ్ళిపోయాక కోడలు బటానీ కాయల గంప తెచ్చి బల్ల మీద పెట్టింది. ఇద్దరూ ఎదురెదురుగా కూర్చుని ఒలుస్తున్నారు. ఆసుపత్రిలో కంటే ఇక్కడ అడగడం కష్టంగా ఉంది. అక్కడ మొహం కనపడదు.

"ఇవాళ మా గదినుంచి ఫోన్ వచ్చింది కదా అత్తయ్యా."

"వచ్చింది. పిల్ల మర్యాదస్తురాలు. మెట్లు కష్టమా అంది. ఎక్కితేగా కష్టం! వంగడం కష్టమా అంది. వంగితేగా! ఏదీ అబద్ధం చెప్పలేదు నేను." అత్తగారు ఒక కాయ పుటుక్కున విరిచింది. "అయినా ఆ డాక్టరు పాపం కన్నబిడ్డలా చూశాడు. తక్కువ మార్కులేసి ఆయన నోట్లో మట్టి కొట్టనా?"

"మార్కులు డాక్టరుకి కాదు, మోకాలికి."

"రెండూ ఒకటే. మనింటికొచ్చి భోజనం చేసి వెళ్ళేవాళ్ళు వంట బాగాలేదంటారా?"

కోడలు గంపలోంచి ఇంకో గుప్పెడు కాయలు తీసుకుంది. "వ్యాయామం ఎందుకు మానేశారు?" అంది.

అత్తగారి చేతులు ఆగాయి. "ఆ ఫిజియో పిల్ల కాలు పట్టుకుని వంచుతుందే, ప్రాణం పోతుంది. ఒకరోజు పదిమంది ముందు ఏడ్చాను. ఏడిస్తే ఏడ్చాను. కానీ మర్నాటికి చిన్నదానికి కబురు చేరింది. 'అక్క చిన్నపిల్లలా ఏడ్చిందటగా' అని ఎవరితోనో నవ్విందట. అత్త కొట్టినందుకు కాదు, తోటికోడలు నవ్వినందుకు అని ఊరికే అన్నారా? అప్పట్నుంచీ బాగుందని చెప్పేశా. బాగున్నవాళ్ళకి వ్యాయామం ఎందుకు?"

"కాలు ఇప్పుడు నేర్వకపోతే తర్వాత మొండికేస్తుంది అత్తయ్యా. అడగందే అమ్మైనా పెట్టదు. మీరు చెప్పకపోతే వాళ్ళకెలా తెలుస్తుంది?"

"ఉపన్యాసం వద్దు."

కోడలికి మేడమ్ చెప్పింది గుర్తొచ్చి, తన పనిలోని గొంతు తెచ్చుకుంది. జాలి లేకుండా, ఆశ లేకుండా అడిగింది.

"ఆఖరిసారి మెట్లు ఎప్పుడు ఎక్కారు?"

అత్తగారు గిన్నెలోని గింజల వైపు చూసింది. ఒలిచినవన్నీ ఒక పక్కకు తోసింది. జవాబు చెప్పలేదు. కోడలు కూడా మళ్ళీ అడగలేదు. పనిలో ఆమె నేర్చుకున్న ఇంకో సంగతి అది. జవాబు రానప్పుడు ఆ ఖాళీని తను నింపకూడదు.

*

శనివారం ఒంటిపూట. కోడలు ఇంటికొచ్చేసరికి వీధి తలుపు తీసే ఉంది, ముందుగదిలో అత్తగారు లేదు. మంచం మీద దుప్పటి మడత పెట్టి ఉంది. వంటింట్లో లేదు, పెరట్లో లేదు.

మెట్ల మీద ఉంది.

ఎడమ చేత్తో మెట్ల కమ్మీ పట్టుకుని, కుడి అరచేయి గోడకు ఆనించి, మలుపుకు కాస్త ఇవతల నిలబడి ఉంది. ఎడమ కాలు పై మెట్టు మీద పెట్టింది. కుడి కాలిని వంచకుండా, కర్రను లాక్కున్నట్టు లాక్కుని, దాని పక్కకు చేర్చింది. ఆగింది. మళ్ళీ ఎడమ కాలు. నడక నేర్చే పిల్లలు ఎక్కినట్టు ఎక్కుతోంది. చీర వెనక భాగమంతా చెమటకు అంటుకుపోయింది.

కోడలు పరుగున వెళ్ళబోయింది.

"పట్టుకోకు" అంది అత్తగారు వెనక్కి తిరక్కుండానే. "చూడు."

కోడలు కిందనే నిలబడి చూసింది. అత్తగారు మలుపు దాకా ఎక్కింది, పైకి పోలేదు. అక్కడ కాసేపు నిలబడి, దిగడం మొదలుపెట్టింది. దిగడం ఎక్కడం కంటే అన్యాయంగా ఉంది. మొదటి మెట్టుకే కుడి కాలు ఎదురుతిరిగింది. ఇక వెనక్కి తిరిగి, రెండు చేతులతో కమ్మీ పట్టుకుని, నిచ్చెన దిగినట్టు దిగింది. కింద చివరి మెట్టు మీద కూర్చోవాలని చూసింది, కాలు వంగక కూర్చోలేకపోయింది. గోడకు జారబడి నిలబడింది.

"నొప్పి ఉందా?" అంది కోడలు.

"అదేనే విచిత్రం. నొప్పి లేదు. ఆపరేషన్‌కు ముందు ప్రాణం తోడేసేది కదా, అది మాత్రం పోయింది. దానికి ఆ డాక్టరుకి చేతులెత్తి దండం పెడతాను. కానీ కాలు నాది కాదు. ఎవరిదో తెచ్చి తగిలించినట్టుంది." పమిట చెంగుతో మొహం తుడుచుకుంది. "ఇప్పుడడుగు నీ ప్రశ్న. ఆ పిల్ల అడిగినట్టే అడుగు."

"కిందటి నెలలో మెట్లు ఎక్కడం, దిగడం ఎలా ఉంది? అస్సలు కష్టం లేదా, కొంచెం కష్టమా, చాలా కష్టమా?"

"కిందటి నెలలో అంటే ఎక్కలేదని చెప్పాలి. దానికి గడి ఉందా?"

"లేదు. కింద ఖాళీలో రాస్తాం."

"గడి పెట్టించు. నా లాంటివాళ్ళు ఇంకెంతమంది ఉన్నారో." అత్తగారు మంచం వైపు నడిచింది. రెండడుగులు వేసి ఆగింది. "చిన్నదానికి మూడంతస్తులే! దాన్ని నా మాట మీద కోయించుకోమంటున్నానా నేను?"

కోడలు వంటింట్లోకి వెళ్ళి మంచినీళ్ళు తెచ్చి ఇచ్చింది. సోమవారం మేడమ్‌కు ఆ గడి సంగతి చెప్పాలని మాత్రం అనుకుంది.

*

ఆదివారం మధ్యాహ్నం రెండు కుటుంబాలూ ఒకచోట భోజనం చేయడం వాళ్ళకు అలవాటు. ఆ వారం అత్తగారింట్లో. బల్ల చుట్టూ ఆరుగురు: మామగారు, తమ్ముడు, వాళ్ళ భార్యలు, కొడుకు, కోడలు. తలుపు అవతల వర్షం పడుతోంది. చిన్నమామగారు గొడుగు ఆరబెట్టడానికి చోటు వెతికి వెతికి చివరికి కుర్చీ వెనక తగిలించుకున్నారు. నీళ్ళు ఆయన చొక్కా మీదే కారుతున్నాయి.

మాటలు ఆపరేషన్ మీదకే వెళ్ళాయి.

"ఆసుపత్రికి ఎన్ని దిండ్లు తీసుకెళ్ళాలి బావగారూ?" చిన్నత్తయ్య మామగారిని అడిగింది. "అక్కకి ఎన్ని తెచ్చారు?"

"దిండ్లు కాదమ్మా, చెవుల్లో పెట్టుకోవడానికి దూది తీసుకెళ్ళు. మీ ఆయన గురక పక్క వార్డుకు వినపడుతుంది."

అందరూ నవ్వారు. చిన్నమామగారు మాత్రం కూర కలుపుతూ, "నేనింకా ఒకసారి ఆలోచిద్దామనే అంటున్నా" అన్నారు.

"ఆలోచన అయిపోయింది. కడుపు చించుకుంటే కాళ్ళ మీద పడుతుందన్నట్టు మీరిప్పుడు అవన్నీ కెలక్కండి. అక్క ఎక్కుతోంది, దిగుతోంది, నేనూ ఎక్కుతా, దిగుతా."

"నేను ఎక్కట్లేదు" అంది అత్తగారు.

గరిటె చప్పుడు ఆగింది.

"నేను మెట్లు ఎక్కట్లేదు. నిన్న మలుపు దాకా ఎక్కాను, వెనక్కి తిరిగి దిగాను. ఈ కోడలు చూసింది. నొప్పి పోయింది, అది నిజం. కాలు వంగట్లేదు, అదీ నిజం. తప్పు చిప్పదో, వ్యాయామం మానేసిన నాదో నాకు తెలీదు. నాదే ఎక్కువనుకుంటా."

చిన్నత్తయ్య చేయి గాలిలో ఆగిపోయింది. "మరి ఇన్నాళ్ళూ… బ్రహ్మాండం, బ్రహ్మాండం అన్నావ్ కదక్కా?"

"అన్నాను. నువ్వు నవ్వుతావని అన్నాను."

"నేనెందుకు నవ్వుతాను?"

"ఒకసారి నవ్వావ్."

చిన్నత్తయ్య మొహం ఎర్రబడింది. మామగారు భార్య వైపు చూశారు. ఏదో పెద్ద విషయం తనకు ఇంట్లో అందరికంటే ఆఖర్న తెలిసిన మనిషి చూపు అది. పీట ఎందుకు అటకెక్కిందో ఆయనకు ఇప్పుడు అర్థమైనట్టుంది.

"అయితే బుధవారం?" అన్నారు చిన్నమామగారు.

కొడుకు నోరు తెరవబోతే కోడలు బల్ల కింద అతని కాలు నొక్కింది. ఈ ప్రశ్నకు జవాబు ఎవరు చెప్పాలో ఆమెకు తెలుసు.

అత్తగారు చేయి కంచంలోనే ఉంచి, ఒక్కొక్క మాటా తూచి చెప్పింది.

"బుధవారం లేదు. నీకసలు వద్దని నేనంటంలేదు చిన్నా, ఆ మాట అనడానికి నేనెవర్ని? కానీ నా మాట మీద పెట్టిన తేదీ నా మాటతోనే పోవాలి. రేపు పొద్దున్న మా కోడలి గదికి నేనే ఫోన్ చేసి, చెప్పినవన్నీ మళ్ళీ చెబుతాను, మెట్ల సంగతితో సహా. తర్వాత ఆ ఫిజియో పిల్ల దగ్గరికి పోతాను. నువ్వూ నాతో రా. ఆ పిల్ల కాలు వంచేటప్పుడు పక్కన నిలబడు. నేనేడిస్తే చూడు, నవ్వొస్తే నవ్వు. ఎంత నొప్పో, ఎన్నాళ్ళు పడుతుందో, చివరికి వంగుతుందో వంగదో నీ కళ్ళతో చూసి, అప్పుడు నీ మోకాలి సంగతి నువ్వే తేల్చుకో."